సత్నామ్ సింగ్ కథలో మీరు వదిలేసిన సగం

సంపాదకులు గారికి నమస్కారం.

పోయిన ఆదివారం మీ క్రీడల పేజీలో బాస్కెట్‌బాల్ ఆటగాడు సత్నామ్ సింగ్ భమరా మీద సగం పేజీ వ్యాసం వేశారు. ఫోటో బాగుంది, పొడుగు గురించి రాసింది బాగుంది, పంజాబ్ పల్లె నుంచి అమెరికా దాకా అని పెట్టిన హెడ్డింగ్ కూడా బాగుంది. కానీ కథని 2015 జూన్ 25 దగ్గర ఆపేశారు. ఆ రాత్రి న్యూయార్క్‌లో, అమెరికా బాస్కెట్‌బాల్ లీగ్ ఎన్‌బీఏ జట్లు కొత్త ఆటగాళ్ళని ఎంచుకునే డ్రాఫ్ట్‌లో, డల్లాస్ మావెరిక్స్ జట్టు అతని పేరు పిలిచింది, ఇంక సుఖాంతం అన్నట్టు ముగించారు. పెళ్ళి ఫోటో వేసి సంసారం సంగతి చెప్పకుండా ఊరుకున్నట్టుంది. ఆటగాడి జీవితంలో అసలు కష్టమంతా ఆ పేరు పిలిచిన తర్వాతే మొదలైంది, దాని గురించి ఒక్క లైను లేదు.

మేముండేది బల్లార్‌పూర్, మహారాష్ట్రలో చంద్రపూర్ జిల్లా. పేపర్ మిల్లు, బొగ్గు గనులు, రైల్వే, వీటి కోసం తాతల కాలంలో ఆదిలాబాద్, కరీంనగర్ వైపు నుంచి వచ్చి ఇక్కడే ఉండిపోయిన తెలుగువాళ్ళు చాలామందిమి ఉన్నాం. ఇంట్లో తెలుగు, బడిలో మరాఠీ, బజార్లో హిందీ. మీ పేపర్ మాకు కొంచెం ఆలస్యంగా వస్తుంది, ఒక్కోరోజు రానే రాదు, వచ్చిన రోజు మాత్రం చాయ్ హోటల్లో నాలుగు చేతులు మారితే గానీ ఇంటికి చేరదు. మీరు రాసిందాన్ని ఇక్కడ ఊరికే చదివి పక్కన పెట్టరు, దాన్ని పట్టుకుని పిల్లల గురించి నిర్ణయాలు తీసుకుంటారు, నా భయమంతా అదే.

నాకు వరసకి చెల్లెలయ్యే ఆవిడ కొడుకు ఒకడున్నాడు, తొమ్మిదో తరగతి, అప్పుడే ఆరడుగుల మూడంగుళాలు. కాలనీలో పాత బాస్కెట్‌బాల్ కోర్టు ఒకటి ఉంది, ఒక వైపు బోర్డు బాగానే ఉంది, రెండో వైపు రింగు వంగిపోయింది, లైట్లు ఎప్పుడు వెలుగుతాయో ఎవరికీ తెలియదు. పోరడు అక్కడే ఆడతాడు. మంచి పిల్లోడు, సిగ్గరి, బంతి పడితే వదలడు. మీ వ్యాసం వచ్చిన మర్నాటి నుంచి వాడిని పేరు పెట్టి పిలిచేవాళ్ళు లేరు, అందరూ ఎన్‌బీఏ అనే పిలుస్తున్నారు. ఇంతలో ఒక ప్రైవేటు అకాడమీ మనిషి వచ్చి, ఏడాదికి మూడు లక్షలు కట్టండి, బడి మానిపించి మా హాస్టల్లో వెయ్యండి, నాలుగేళ్ళలో అమెరికా పంపిస్తాం అన్నాడు. చేతిలో మీ పేపర్ కటింగ్ పట్టుకునే వచ్చాడు. చెల్లెలు నా దగ్గరకొచ్చి "అన్నా, పొలం అమ్మి కట్టమంటావా, నువ్వు ఆడినోడివి కదా, చెప్పు" అంది. నేను ఆడింది జిల్లా స్థాయి, గనిలో కొలువు వచ్చాక అదీ మానేశాను, కానీ ఈ ఆటని వదలకుండా చూస్తాను కాబట్టి తెలిసింది చెప్పాను. అదే మీకూ రాస్తున్నాను.

సత్నామ్ చిన్నప్పటి సంగతి మీరు రాసింది నిజమే. బర్నాలా జిల్లాలో బల్లోకే అనే చిన్న ఊరు, 1995 డిసెంబర్ 10న పుట్టాడు, ఇంట్లో గోధుమ పొలం, పిండిమర. నాన్న బల్బీర్ సింగ్ కూడా ఏడడుగుల మనిషే. ఆయనకి కుర్రతనంలో ఆడే అవకాశం వచ్చినా ఇంటి పెద్దలు పొలం వదలనివ్వలేదు, అందుకే కొడుకు విషయంలో ఆ పని చెయ్యకూడదు అనుకున్నాడు. చిన్నతనంలోనే లుధియానా బాస్కెట్‌బాల్ అకాడమీకి పంపించేశాడు. అక్కడ డాక్టర్ ఎస్. సుబ్రమణియన్ అనే కోచ్ ఉండేవారు, మన దేశంలో పొడుగు పిల్లలకి కాళ్ళు కదపడం నేర్పిన కొద్దిమందిలో ఆయన ఒకరు, 2013లో చనిపోయారు. ఆయన పేరు మీ వ్యాసంలో లేకపోవడం నాకు బాధేసింది. ఆటగాడి ఫోటో వేసినప్పుడు వాడికి మొదట నేర్పినవాడి పేరు ఒక్కసారైనా వెయ్యాలి, అందులో ఈ మనిషి తయారు చేసినవాళ్ళు భారత జట్టులో సత్నామ్ ఒక్కడే కాదు. సత్నామ్ పాదానికి సరిపోయే బూట్లు కూడా మన దేశంలో దొరికేవి కావు. మనకి నవ్వుగా ఉంటుంది గానీ బాస్కెట్‌బాల్‌లో బూటు సరిగ్గా లేకపోతే మడమ, మోకాలు రెండేళ్ళలో పోతాయి.

2010లో ఐఎంజీ అనే క్రీడల కంపెనీ, రిలయన్స్ కలిసి మన దేశం నుంచి ఎనిమిది మంది పిల్లల్ని ఎంపిక చేసి, నలుగురు అబ్బాయిలు, నలుగురు అమ్మాయిలు, ఫ్లోరిడాలో బ్రాడెంటన్ అకాడమీకి స్కాలర్‌షిప్ ఇచ్చి పంపారు. పద్నాలుగేళ్ళ సత్నామ్ అందులో ఒకడు. స్కాలర్‌షిప్ అన్న మాటని గట్టిగా చదవమని చెల్లెలికి చెప్పాను. అతను డబ్బు కట్టి వెళ్ళలేదు, వాళ్ళు డబ్బు పెట్టి తీసుకెళ్ళారు. నిజంగా పనికొస్తాడనుకున్న పిల్లవాడి కోసం అకాడమీయే వెతుక్కుంటూ వస్తుంది, ఖర్చంతా అదే పెట్టుకుంటుంది, పొలం అమ్మమని అడగదు.

అక్కడికి వెళ్ళిన కొత్తలో ఇంగ్లీషు దాదాపు రాదు. కోచ్ ఏం అరుస్తున్నాడో అర్థం కాక పక్కవాడిని చూసి చేసే పరిస్థితి ఎలా ఉంటుందో మన సరిహద్దు పిల్లలకి వేరే చెప్పక్కర్లేదు, ఇంట్లో ఒక భాష, పరీక్షలో ఇంకో భాష అన్నది మాకు అలవాటే. అయినా 2011లో పదిహేనేళ్ళకే చైనాలోని వుహాన్‌లో ఆసియా చాంపియన్‌షిప్‌లో భారత జట్టుకి ఆడాడు. ఫ్లోరిడాలో ఐదేళ్ళున్నాడు. మామూలుగా అమెరికాలో ఎవరైనా హైస్కూల్ తర్వాత కాలేజీ జట్టులో ఏడాదో రెండేళ్ళో ఆడి అప్పుడు ఎన్‌బీఏకి వెళ్తారు. కాలేజీ జట్టులో ఆడాలంటే ఆట ఒక్కటీ చాలదు, చదువులో అర్హత ఉండాలి, సత్నామ్‌కి ఆ గడప దాటడం కష్టమైంది. అందుకని కాలేజీ మెట్టు ఎక్కకుండా నేరుగా డ్రాఫ్ట్‌కి పేరిచ్చాడు. పత్రికలన్నీ దీన్ని గొప్పగా రాశాయి, 2005 తర్వాత హైస్కూల్ నుంచి నేరుగా డ్రాఫ్ట్ అయిన మొదటివాడని. నాకైతే అది గొప్ప కాదు, నష్టం. కాలేజీలో నాలుగేళ్ళు ఆడి ఉంటే తనకంటే వేగంగా కదిలే వాళ్ళ మధ్య వందకు పైగా మ్యాచ్‌లు ఆడేవాడు, చేతిలో డిగ్రీ కూడా ఉండేది. బడి మానిపించండి అన్న ఆ అకాడమీ మనిషికి ఈ ఒక్క సంగతి చాలు జవాబుగా.

ఇప్పుడు డ్రాఫ్ట్ అంటే ఏంటో. మా చాయ్ హోటల్లో అందరూ దాన్ని ఉద్యోగం ఆర్డర్ కాగితం అనుకుంటున్నారు. కాదు. ఎన్‌బీఏలో 30 జట్లు, రెండు రౌండ్లు, అప్పట్లో మొత్తం 60 పేర్లు. మొదటి రౌండ్‌లో పిలిచిన 30 మందికి జీతం ఖాయం, ఒప్పందం ఖాయం. రెండో రౌండ్‌లో పిలిచిన వాళ్ళకి ఏదీ ఖాయం కాదు, నీతో మాట్లాడే హక్కు మాది అని జట్టు చెప్పుకోవడం అంతే. సత్నామ్ 52వ పేరు. మావెరిక్స్ వాళ్ళు, కొత్తవాళ్ళని పరీక్షించే వేసవి లీగ్‌లో ఆడించి చూశారు, తర్వాత డి-లీగ్ అనే కింది లీగ్‌లో తమ అనుబంధ జట్టు టెక్సాస్ లెజెండ్స్‌కి పంపారు. ఎన్‌బీఏలో ఆ ఏడాది కొత్త కుర్రాడికి కనీస జీతం ఐదు లక్షల పాతిక వేల డాలర్లు. డి-లీగ్‌లో పెద్ద జీతం అంటే ఏడాదికి పాతిక, ఇరవై ఆరు వేల డాలర్లు, చిన్నదయితే అందులో సగం. టెక్సాస్‌లో ఆ డబ్బు ఎంత దూరం వస్తుందో లెక్క వేసుకోండి. రెండు లీగ్‌ల మధ్య ఊగే టూ-వే కాంట్రాక్టులు 2017లో గానీ రాలేదు, అప్పటికి సత్నామ్ సమయం దాటిపోయింది.

డి-లీగ్‌లోనూ బెంచి మీదే ఎక్కువ. రెండు సీజన్లలో కోర్టులోకి దిగిన నిమిషాలు తక్కువ. ఎన్‌బీఏ అసలు సీజన్‌లో ఒక్క మ్యాచ్ కూడా ఆడలేదు, ఇది మీ వ్యాసంలో ఎక్కడా లేదు, పైగా చదివినవాడికి ఆడినట్టే అనిపించేలా రాశారు. ఎన్‌బీఏలో ఆడిన మొదటి భారత సంతతి ఆటగాడు సిమ్ భుల్లార్, అతను కెనడాలో పుట్టినవాడు, ఏడడుగుల ఐదంగుళాలు, 2015 ఏప్రిల్‌లో శాక్రమెంటో కింగ్స్‌కి మూడంటే మూడు మ్యాచ్‌లు ఆడాడు. భారత్‌లో పుట్టి డ్రాఫ్ట్‌లో పేరు వచ్చిన మొదటివాడు సత్నామ్. ఇద్దరూ పంజాబీలే, ఇద్దరూ పొడుగే, అందుకని పేపర్లవాళ్ళు కలిపేస్తుంటారు.

సత్నామ్ ఎందుకు నిలబడలేదు అన్నదానికి నాకు తోచిన కారణం ఒకటి చెప్తాను, ఇది ఆట చూసేవాళ్ళకి నచ్చుతుంది. డ్రాఫ్ట్‌కి సరిగ్గా తొమ్మిది రోజుల ముందు, 2015 జూన్ 16న, గోల్డెన్ స్టేట్ వారియర్స్ చాంపియన్ అయింది. ఆ ఫైనల్స్ నాలుగో మ్యాచ్‌లో వాళ్ళ కోచ్ ఏం చేశాడంటే, ఏడడుగుల సెంటర్ ఆండ్రూ బోగట్‌ని మొదటి ఐదుగురిలోంచి తీసేసి ఆరడుగుల ఆరంగుళాల ఆండ్రే ఇగుదాలాని దింపాడు. అక్కడి నుంచి ఒక్క మ్యాచ్ కూడా ఓడలేదు, ఇగుదాలాకే ఫైనల్స్ ఉత్తమ ఆటగాడి బహుమతి. బయటి నుంచి మూడు పాయింట్ల షాట్లు కొట్టే స్టీఫెన్ కర్రీ లాంటి వాళ్ళు, ఆరడుగుల రెండు, మూడంగుళాల మనుషులు, ఆటని రింగు కింద నుంచి లాగి బయటికి తెచ్చేశారు. అంతకుముందు పెద్ద సెంటర్ పని రింగు కింద నిలబడి కాపలా కాయడం. ఇప్పుడు ఎదుటి జట్టు కావాలని ఆ పెద్దమనిషినే ఏడు మీటర్ల దూరానికి బయటికి లాగుతుంది, గార్డు, అంటే బంతి నడిపించే చిన్న ఆటగాడు ఒకడు, అతని ముందు బంతి ఆడిస్తూ ఎడమా కుడీ చేస్తాడు, 130 కిలోల మనిషి పక్కకి జరిగేలోపు పాయింట్లు పడిపోతాయి. సత్నామ్ చిన్నప్పటి నుంచి పదేళ్ళు కష్టపడి ఏ పని నేర్చుకున్నాడో ఆ పనికి అతను గుమ్మంలో అడుగు పెట్టే సమయానికి గిరాకీ పడిపోయింది. అందులో అతని తప్పేం లేదు. కానీ పొడుగుంటే చాలు అనుకునే తల్లిదండ్రులకి ఈ సంగతి తెలియాలా వద్దా? మా కాలనీలో పోరగాళ్ళు పొడుగు పెరగాలని పొద్దున్నే కడ్డీ పట్టుకుని వేలాడుతున్నారు, వేలాడితే భుజాలు నొప్పెడతాయి తప్ప ఏమీ కాదు, ఆ సమయంలో పక్కకి అడుగులు వెయ్యడం ప్రాక్టీస్ చేస్తే అయినా పనికొస్తుంది.

తర్వాత సంగతి త్వరగా చెప్తాను. దేశానికి తిరిగొచ్చాడు, భారత జట్టుకి ఆడాడు, 2018లో గోల్డ్‌కోస్ట్ కామన్వెల్త్ క్రీడలకి వెళ్ళాడు, ఆ తర్వాత సీజన్ కెనడాలో సెయింట్ జాన్స్ ఎడ్జ్ అనే జట్టుకి ఆడాడు. 2019 నవంబర్‌లో దక్షిణాసియా క్రీడల కోసం బెంగళూరులో క్యాంపు పెట్టినప్పుడు డోప్ పరీక్షలో దొరికాడు. హిజెనమిన్ అనే పదార్థం. డోపింగ్‌ని పట్టుకునే జాతీయ సంస్థ నాడా, దాని ప్యానెల్ 2020 డిసెంబర్‌లో రెండేళ్ళ నిషేధం వేసింది, 2019 నవంబర్ నుంచి లెక్కపెట్టి. తెలిసి తీసుకోలేదని అతను చెప్పాడు. అది నిజమే అయ్యుండొచ్చు. ఈ హిజెనమిన్ కొన్ని మొక్కల్లో ఉంటుంది, బరువు తగ్గిస్తామని అమ్మే కొన్ని పౌడర్లలో, బిళ్ళల్లో ఉంటుంది, నిషేధ జాబితాలో పేరు పెట్టి రాసింది 2017లోనే. కానీ డోపింగ్ నియమం కఠినం, ఒంట్లో ఏం దొరికితే దానికి ఆటగాడే బాధ్యుడు, ఎవరిచ్చారు, ఎందుకిచ్చారు అన్నది శిక్ష ఎంత అన్నదానికి పనికొస్తుందేమో గానీ తప్పించుకోవడానికి పనికిరాదు.

ఇక్కడ కాసేపు ఆగుతాను. ఎందుకంటే మా దగ్గర జిమ్‌ల సంగతి మీకు తెలియాలి. చంద్రపూర్ దాకా పోనక్కర్లేదు, మా ఊళ్ళోనే పదహారేళ్ళ పోరగాళ్ళు లేబుల్ చిరిగిన డబ్బాల్లోంచి చెంచాలు చెంచాలు పౌడర్ నీళ్ళలో కలుపుకుని తాగుతున్నారు, అందులో ఏముందంటే అమ్మేవాడికే తెలియదు. వాళ్ళలో సగం మంది పోలీసు భర్తీకి, సైన్యానికి తయారయ్యేవాళ్ళు, నలుగురైదుగురు జిల్లా జట్లలో ఆడేవాళ్ళు. సత్నామ్ లాంటి భారత జట్టు ఆటగాడు, అమెరికాలో ఐదేళ్ళు శిక్షణ తీసుకున్నవాడే దొరికిపోతే, మా పిల్లలకి ఎవరు చెప్తారు? మీ వ్యాసంలో ఈ ఒక్క పేరా ఉండి ఉంటే మిగతా అంతా లేకపోయినా నేను ఈ ఉత్తరం రాసేవాణ్ణి కాదు.

నిషేధంలో ఉండగానే 2021లో అమెరికాలో ఆల్ ఎలైట్ రెజ్లింగ్ అనే కుస్తీ ప్రదర్శనల కంపెనీలో చేరాడు, 2022 ఏప్రిల్‌లో టీవీలో దిగాడు. కొందరు దీన్ని పతనం అన్నట్టు మాట్లాడతారు. నాకు అలా అనిపించదు. ఇరవై ఆరేళ్ళకి ఆట మూసుకుపోయిన మనిషి తన ఒంటినే నమ్ముకుని ఇంకో పని వెతుక్కున్నాడు, జీతం తెచ్చుకున్నాడు, ఎవరి దగ్గరా చెయ్యి చాపలేదు. గనిలో నడుం పోయి పై పనికి మారిన మావాళ్ళని మేం పతనమయ్యారు అనం కదా. కాకపోతే బాస్కెట్‌బాల్ ఆటగాడిగా అతని వృత్తి జీవితం ఎంత చిన్నదో, ఎంత ఇరుకుదో మాత్రం పిల్లలకి తెలియాలి.

సత్నామ్ ఒక్కడే కాదు. 2016లో పల్‌ప్రీత్ సింగ్‌ని లాంగ్ ఐలండ్ నెట్స్ డి-లీగ్ డ్రాఫ్ట్‌లో తీసుకుంది, సీజన్ మొదలయ్యేలోపే వదిలేసింది. ఆ డి-లీగ్‌కే 2017లో జీ-లీగ్ అని పేరు మారింది, ఆ ఏడాది అమ్‌జ్యోత్ సింగ్ అందులోని ఓక్లహోమా సిటీ బ్లూ జట్టుకి వెళ్ళాడు. అదే ఏడాది మన విశేష్ భృగువంశీ, చాలాకాలం భారత కెప్టెన్, ఆస్ట్రేలియాలో అడిలైడ్ జట్టులో చేరాడు. ప్రిన్స్‌పాల్ సింగ్ ఎన్‌బీఏ అకాడమీలో పెరిగి జీ-లీగ్ ఇగ్నైట్‌కి ఆడాడు, 2021లో వేసవి లీగ్ గెలిచిన శాక్రమెంటో జట్టులో ఉన్నాడు. ఇంతమందిలో ఒక్కరు కూడా ఎన్‌బీఏ అసలు సీజన్‌లో ఆడలేదు. వీళ్ళు మామూలు ఆటగాళ్ళు కాదు, వంద కోట్ల పైన జనాభాలో మొదటి పది మంది.

అమ్మాయిల సంగతి మీరసలు ఎత్తరు. కేరళ గీతూ అన్నా జోస్ 2006 నుంచి ఆస్ట్రేలియాలో రింగ్‌వుడ్ క్లబ్‌కి ఆడింది, అంటే సత్నామ్ లుధియానాలో పిల్లాడిగా ఉన్నప్పుడే ఆమె బయటి దేశంలో క్లబ్ ఆటగత్తె. 2011లో అమెరికా మహిళల లీగ్ జట్లు ఆమెని ట్రయల్స్‌కి పిలిచాయి. తమిళనాడు అనిత పాల్‌దురై పద్దెనిమిదేళ్ళు దేశానికి ఆడింది, 2021లో పద్మశ్రీ వచ్చింది. ఇద్దరూ దక్షిణ రైల్వే ఉద్యోగులు. చెల్లెలికి నేను అసలు చూపించాలనుకున్నది ఈ దారిని. మన దేశంలో బాస్కెట్‌బాల్ ఆటగాడి వృత్తి అంటే ఇప్పటికీ ముఖ్యంగా ఉద్యోగమే. రైల్వే, ఓఎన్‌జీసీ, సర్వీసెస్ అంటే సైన్యం జట్టు, బ్యాంకులు, ఆదాయపు పన్ను శాఖ. పొద్దున్న ప్రాక్టీస్, మధ్యాహ్నం ఆఫీసు, సీజన్‌లో శాఖ తరఫున టోర్నీలు, మోకాలు పోయిన తర్వాత కూడా నెల జీతం, చివర్లో పింఛనో పీఎఫో. లీగ్‌లు వస్తున్నాయి, పోతున్నాయి. ఐఎన్‌బీఎల్ అనే లీగ్‌ని 2022లో మన బాస్కెట్‌బాల్ సమాఖ్యే మొదలుపెట్టింది, మంచిదే, కానీ దాని మీద ఇల్లు గడిచే రోజు ఇంకా రాలేదు.

ఈ ఉద్యోగాలకి కూడా చదువు కావాలి. రైల్వే స్పోర్ట్స్ కోటాలో వయసు 18 నుంచి 25 మధ్య ఉండాలి, కింది పోస్టుకి పది పాస్, దాని పై పోస్టులకి పన్నెండు పాస్, ఇంకా పైకి డిగ్రీ. తొమ్మిదిలో బడి మానిపించి నాలుగేళ్ళు హాస్టల్లో వేస్తే, పోరడు ఎంత బాగా ఆడినా దరఖాస్తు ఫారం దగ్గరే ఆగిపోతాడు. మహారాష్ట్రలో ప్రభుత్వ ఉద్యోగాల్లో క్రీడాకారులకి 5 శాతం రిజర్వేషన్ ఉంది, పది, పన్నెండు పరీక్షల్లో ఆటలకి అదనపు మార్కులున్నాయి, ఇవన్నీ బడిలో ఉంటూ జిల్లా, విభాగం, రాష్ట్రం అని మెట్లెక్కినవాళ్ళకే. బడి టోర్నీలో చంద్రపూర్ నుంచి నాగపూర్ విభాగానికి వెళ్ళి ఒక్క సర్టిఫికెట్ తెచ్చుకుంటే దానికి విలువ ఉంది. ప్రైవేటు అకాడమీ వాళ్ళు రంగు ప్రింటర్‌లో తీసిచ్చే సర్టిఫికెట్‌కి చాలాసార్లు ఏ విలువా ఉండదు, ఏ సంఘం గుర్తింపు ఉందో, కోచ్ ఎక్కడ చదివాడో ముందు అడగాలి. చెల్లెలి ఇంట్లో నేను అడిగితే ఆ మనిషి ఫోన్ వచ్చిందని బయటికి పోయాడు, కాసేపటికి వచ్చి ఆఫర్ ఈ నెలాఖరు దాకానే అన్నాడు.

మా వాళ్ళలో ఇంకో భ్రమ కూడా ఉంది, పోరణ్ణి హైదరాబాద్ పంపితే మనోళ్ళు చూసుకుంటారని. భాష ఒకటే అయినా కాగితాలు ఒకటి కావు. మా పిల్లలది మహారాష్ట్ర నివాసం, మహారాష్ట్ర బడి, ఆడాల్సింది మహారాష్ట్ర జట్టుకి. హకీంపేట స్పోర్ట్స్ స్కూల్‌లో చేర్చుకునేది నాలుగో తరగతిలో, తొమ్మిదో తరగతి పోరడు వెళ్ళి గేటు దగ్గర నిలబడితే ఏం లాభం. పోనీ మరాఠీ పేపర్లు మా పిల్లల గురించి రాస్తాయా అంటే ఎప్పుడో ఒకసారి, ఇంటిపేరు తప్పుగా. మీ జిల్లా ఎడిషన్ ప్రాణహిత అవతలి గట్టు దగ్గరే ఆగిపోతుంది. అటు సిరొంచ నుంచి ఇటు రాజురా, బల్లార్‌పూర్, ఇంకా కిన్వట్, ధర్మాబాద్ దాకా తెలుగు పిల్లలు ఖోఖో, కబడ్డీ, హాకీ, బాస్కెట్‌బాల్ ఆడుతూనే ఉన్నారు, వాళ్ళ ఫలితాలు ఏ భాష పేపర్లోనూ పడవు. అమెరికాలో ఉన్నవాడికి సగం పేజీ ఇచ్చారు, మంచిదే, వారానికి నాలుగు లైన్లు సరిహద్దు పిల్లలకి కూడా ఇవ్వండి. ఫోటోలు కూడా అక్కర్లేదు, పేర్లు తప్పు లేకుండా వేస్తే చాలు.

పోరడికి నేనేం చెప్పానో కూడా రాస్తాను, మీ పాఠకుల్లో పొడుగు పిల్లలున్న ఇళ్ళుంటాయి కదా. పది పాస్ అయ్యేదాకా ఊరు కదలొద్దు. పొద్దున గంట, సాయంత్రం గంట, అందులో సగం సమయం బంతి లేకుండా కాళ్ళ పని. పొడుగున్నావు కదా అని రింగు కిందే నిలబడకు, రెండు చేతులతో డ్రిబ్లింగ్ చెయ్యి, బయటి నుంచి కొట్టడం నేర్చుకో, నువ్వు ఆరడుగుల ఆరు దగ్గర ఆగిపోతే రేపు గార్డుగా ఆడాల్సి వస్తుంది. పెరిగే వయసులో మోకాళ్ళు నొప్పి అంటే సిమెంటు కోర్టు మీద దూకడం ఆపి డాక్టరుకి చూపించు. మే నెలలో మా దగ్గర 45 డిగ్రీలు దాటుతుంది, పొద్దున ఏడు తర్వాత కోర్టు మీద కాలు పెట్టకు. డబ్బా పౌడర్ ఏదీ నోట్లో వేసుకోకు, గుడ్లు, పప్పు, జొన్నరొట్టె చాలు. వాడు అన్నీ విని "మామా, మరి డంక్ ఎప్పుడు నేర్చుకోవాలి" అన్నాడు. డంక్ అంటే ఎగిరి బంతిని పైనుంచి రింగులో గుద్దడం, వయసు అలాంటిది. రింగు ఎత్తు పదడుగులే, నీ పొడుగుకి అది దానంతట అదే వస్తుంది, రాకపోయినా రెండు పాయింట్లే కదరా అన్నాను, మొహం చిన్నబుచ్చుకున్నాడు.

సంపాదకులు గారూ, నేనడిగేది రెండే. సత్నామ్ మీద రెండో వ్యాసం వెయ్యండి, ఈసారి 2015 జూన్ 26 నుంచి మొదలుపెట్టి. జీతాలు, నిషేధం, కెనడా, కుస్తీ అన్నీ రాయండి, అతన్ని చిన్నబుచ్చకుండా రాయండి, అతను మన దేశంలో ఎవరూ తొక్కని దారిలో వెళ్ళి దెబ్బలు తిన్న మనిషి, అతని మీద నాకు చాలా గౌరవం. దాంతో పాటు రైల్వే, ఇతర శాఖల స్పోర్ట్స్ కోటా ప్రకటనలు వచ్చినప్పుడు, అర్హతలతో సహా, ఒక మూలన వేస్తూ ఉండండి, సరిహద్దు అవతలి పిల్లలు ఏ రాష్ట్రం నుంచి దరఖాస్తు పెట్టుకోవాలో కూడా చేర్చి. చెల్లెలు వాళ్ళు ఆ అకాడమీకి నెలాఖరు లోపు జవాబు చెప్పాలి. నా మాట కంటే అచ్చులో వచ్చిన మాటని బావ ఎక్కువ నమ్ముతాడు, కాబట్టి వేసేది కాస్త ఆలోపే వేస్తే మేలు.

ఇట్లు,
బల్లార్‌పూర్ నుంచి మీ పాఠకుడు,
చంద్రపూర్ జిల్లా, మహారాష్ట్ర